కళాయి లేని గిన్నెలు

డెబ్బై ఆరులో శివరాత్రి వెళ్ళిన వారానికి మా అన్న దుర్గయ్య ఫ్యాక్టరీలో చేరాడు. చేరినవాడు చేరినట్టే వదిననూ, ఇద్దరు పిల్లలనూ, వంటసామానునూ ఒక లారీలో వేసుకుని ఊరికి ఆ కొసన ఉన్న క్వార్టర్సుకు వెళ్ళిపోయాడు. పాతబస్తీలో మా గల్లీలో ఇల్లూ, ఇంటి ముందు దుకాణమూ, నేనూ మిగిలాం. ముగ్గురిలో మాట్లాడగలిగేది నేనొక్కణ్ణే కాబట్టి కొన్నాళ్ళకు నేనూ మానేశాను.

మేం కంచరివాళ్ళం. రాగి బిందెలూ, కాగులూ, పెళ్ళి వంటల దేగ్‌లూ మా నాన్న నాటి నుంచీ ఆ దుకాణంలోనే చేస్తున్నాం. రాగిరేకును కాల్చి, దాగలి మీద పెట్టి, సుత్తితో సాగగొట్టి గిన్నె చేయడం నా పని. కళాయి పెట్టడం మా అన్న పని. గిన్నెను కొలిమి మీద వేడిచేసి, నవసాగరం చల్లి, కరిగిన తగరాన్ని దూదితో లోపలంతా పూస్తే ఎర్రటి రాగి తెల్లబడుతుంది. ఆ పూత లేని గిన్నెలో పులుసు కాస్తే చిలుము కడుపులోకి పోతుంది. అందుకే కళాయి పెట్టని గిన్నె మా గడప దాటకూడదని నాన్న నియమం పెట్టాడు. అన్న దాన్ని నాన్నకంటే గట్టిగా పట్టుకున్నాడు. ఆయన చేతి కళాయి కోసం నది మీది నయాపూల్ వంతెన అవతలి నుంచి కూడా మనుషులు వచ్చేవాళ్ళు.

వచ్చేవాళ్ళు అంటున్నాను. స్టీలు గిన్నెలు వచ్చాక ఎవరూ రావడం లేదు. అన్న వెళ్ళడం తప్పు కాదని నాకు తెలుసు. పిల్లలకు బడి ఉంది, జబ్బు చేస్తే దవాఖానా ఉంది. తెలిసినంత మాత్రాన ఇల్లు నిండదు కదా. నాకప్పుడు ఇరవై ఆరేళ్ళు, పెళ్ళి కాలేదు. నాన్న పోయినప్పటి నుంచి నన్ను పెంచింది అన్నే. వదిన నాకని వదిలిపోయిన పెద్ద గిన్నెలో ఒక్కడికి బియ్యం పోస్తే అన్నం అడుగంటేది. అదే తిని, కొలిమి ముందు కూర్చుని, ఒక్క బిందెను మూడు రోజులు కొట్టేవాణ్ణి. అలా నెల గడిచింది.

ఏప్రిల్ మొదటివారంలో శ్రీరామమూర్తి గారు వచ్చారు. నది అవతల యూనివర్సిటీలో శిల్పం నేర్పే లెక్చరరు, కోస్తా మనిషి. గల్లీలోకి స్కూటరు తెచ్చి, మేకలకు దారి ఇచ్చి, చివరికి నడిచి వచ్చారు. దుకాణం అరుగు మీద కూర్చుని ఒక పెద్ద కాగితం విప్పారు. లైబ్రరీ ముందున్న మైదానంలో ఒక శిల్పం నిలబెడుతున్నామని చెప్పారు. శిల్పమంటే నాకు తెలిసింది రాతిబొమ్మ. కాగితం మీద ఉన్నది ఒక ఎత్తైన ఇనుప స్తంభం, దానికి మెట్లుమెట్లుగా ఆరు అడ్డకడ్డీలు. ప్రతి కడ్డీకి రెండు కొసల్లో రెండు రాగి గిన్నెలు. కడ్డీ నట్టనడుమ ఒక ములికి మీద త్రాసుకోలలా నిలుస్తుంది. గిన్నెలోకి గాలి దూరితే కడ్డీ తిరుగుతుంది, తిరుగుతూ పైకీ కిందికీ ఊగుతుంది.

"ఒంటికి తెలియని గాలికి సైతం కదలాలండీ," అన్నారాయన. "అంచేత ఒక కడ్డీకి వేసే రెండు గిన్నెలూ సరిసమానంగా తూగాలి. కళాయి మాత్రం వద్దు. లోపలా బయటా రాగే కనిపించాలి. వానకు తడిసి పచ్చబడితే మరీ మంచిది."

కళాయి లేకుండా మా దుకాణం నుంచి ఏదీ పోదని చెప్పబోయాను. మళ్ళీ, వీటిలో ఎవరూ పులుసు కాయరు కదా అనిపించింది. సరేనన్నాను. ఆ గిన్నె వెడల్పు రెండడుగులు. అంతటి గిన్నెను నేనొక్కణ్ణే చేయగలను. కానీ ఆయన స్కూటరు గల్లీ మలుపు తిరగకముందే ఇది ఇద్దరి పని అని నేను తేల్చేసుకున్నాను.

ఆ ఆదివారమే రెండు బస్సులు మారి క్వార్టర్సుకు వెళ్ళాను. వదిన కళావతి నన్ను చూసి సంతోషపడింది. ఇంట్లోనే నల్లా ఉందని తిప్పి చూపించింది. పిల్లల బడి బట్టలు చూపించింది. అన్న మంచం మీద కూర్చుని ఉన్నాడు. ఇన్నేళ్ళ మసి నెలరోజుల్లో పోయి ఆయన అరచేతులు తేటగా కనబడ్డాయి. ఫ్యాక్టరీలో ఏం పని అని అడిగితే హెల్పర్ అన్నాడు. హెల్పర్ అంటే ఏం చేయాలని అడిగితే, మిషన్ల కింద పడిన ఇనుప రజను ఊడ్వాలని వదిన చెప్పింది. అన్న కిటికీలోంచి బయటికి చూశాడు.

నేను నా కథ అందుకున్నాను. పన్నెండు గిన్నెలు, రేకు మందం, ఒకడు పట్టి తిప్పితే గానీ ఇంకొకడు కొట్టలేడు, గడువు దగ్గర, నా వల్ల కాదు. అబద్ధం చెప్పేటప్పుడు నాకు మాటలు బాగానే దొరుకుతాయి. అంతా విని ఆయన అడిగింది ఒకటే.

"కళాయి?"

"అది ఆఖరుకు గదా అన్నా," అన్నాను.

కళాయి లేదంటే ఆయన రాడని నా భయం. గిన్నె తిప్పడానికి దుర్గయ్య ఎందుకు, ఎవడైనా చాలు అంటాడని భయం. నాకు ఎవడో అక్కర్లేదు, ఆయనే కావాలి. వచ్చే ఆదివారం వస్తానన్నాడు. బస్సులో తిరిగి వస్తూ నాలో నేనే నవ్వుకున్నాను. పక్కన కూర్చున్న ముసలాయన కొంచెం దూరం జరిగాడు.

అలా ఎనిమిది ఆదివారాలు వచ్చాడు. తొమ్మిది కొట్టేసరికి ఇస్త్రీ చొక్కా విప్పి మేకుకు తగిలించి, పాత లుంగీ కట్టుకుని, దాగలికి అవతల కూర్చునేవాడు. ఆయన రేకును తిప్పుతుంటే నేను కొట్టేవాణ్ణి. ఒక దెబ్బ ఎక్కడ పడిందో చూసి, నేను అడగకుండానే రెండో దెబ్బకు కావలసినంత తిప్పడం ఆయనకు తెలుసు. మాకు మాటలతో పనిలేదు. మధ్యాహ్నం మూలమీది హోటల్ నుంచి చాయ్ వచ్చేది. పక్క దుకాణం ఖాదర్ భాయ్ తొంగిచూసి, ఏం దుర్గన్నా, వాపస్ వచ్చినవా అని పలకరించేవాడు. అన్న నవ్వేవాడు గానీ అవునని కాదని చెప్పేవాడు కాదు. నేను ఆ జవాబు కోసం సుత్తి ఆపి మరీ వినేవాణ్ణి.

సోమవారం నుంచి శనివారం దాకా నేను చేసిన ముఖ్యమైన పని, పనిని దాచుకోవడం. ఒక్కడినే కూర్చుంటే రెండు రోజుల్లో ఒక గిన్నె అయిపోయేది. అయిపోతే ఆదివారానికి ఏం ఉంటుంది? అందుకని రేకు కోసి, గీతలు గీసి, ఊరకే కూర్చునేవాణ్ణి. ఒకసారైతే శుక్రవారం చేతులు ఊరుకోక ఒక గిన్నెను పూర్తిచేసి, శనివారం దాన్ని మళ్ళీ కాల్చి అంచు చెడగొట్టాను. ఆ ఆదివారం అన్న ఆ అంచును చూసి, చెయ్యి మందగించిందేంది తమ్మీ అని నా ముఖంలోకి చూశాడు. ఎండలు మండుతున్నాయన్నాను. ఆయన నమ్మాడు. నేను చెప్పినవన్నీ ఆయన నమ్మాడు.

గిన్నెలు జతలుగా తయారయ్యాక దూలానికి త్రాసు కట్టి తూచేవాళ్ళం. బరువైన దాన్ని అంచున ఆకురాయితో రుద్ది మళ్ళీ తూచేవాళ్ళం. ఒక అగ్గిపుల్ల వేస్తే మొగ్గేంత సరిగా వచ్చేదాకా వదిలేవాళ్ళం కాదు. గాలికి తిరిగేవాటికి ఇంత తూకమెందుకని అన్న మొదట్లో నవ్వాడు. తర్వాత ఆ పిచ్చి ఆయనకూ పట్టుకుంది. పోయేటప్పుడు మాత్రం ప్రతిసారీ, వచ్చే ఐతారం కొలిమి రాజేద్దామా, కళాయి పెడదామా అని అడిగేవాడు. ఇంకా ఒక జత సరి కాలేదని నేను దాటేసేవాణ్ణి.

మే నెల ఆఖరి ఆదివారం నేను అసలు మాట అడిగాను. అందుకోసమే ఈ కథంతా నడిపించాను కాబట్టి ఎప్పుడో ఒకప్పుడు అడగాలి.

"అన్నా, గిది నిలబడ్డంక మస్తు మంది చూస్తరు. గిసొంటి పనులు ఇంకా వస్తయ్. నువ్వు వాపస్ రారాదు?"

ఆయన గిన్నెను రెండు చుట్లు తిప్పాడు. మీ వదినకు నల్లా బాగా నచ్చింది అన్నాడు. పిల్లల బడి సంగతి చెప్పాడు. నేను సుత్తి దించలేదు, ఎత్తనూ లేదు.

"ముందుగాల గది తిరగనీ తమ్మీ," అన్నాడు చివరికి. "చూద్దాం."

ఆ 'చూద్దాం' పట్టుకుని నేను మళ్ళీ ఆదివారం దాకా బతికాను. దుకాణానికి సున్నం వేయించాలనుకున్నాను. పైగదిని పిల్లలకు ఇచ్చేయాలనుకున్నాను. అది తిరిగితే చాలు, దాన్ని చూసి నలుగురూ నోరు తెరిస్తే చాలు, అన్న ఆ చీపురు పారేసి వస్తాడు. నాకు అందులో ఏ అనుమానమూ లేదు.

జూన్ రెండోవారం, బుధవారం. కడ్డీలు ఎలా కూర్చున్నాయో చూడమని శ్రీరామమూర్తి గారు కబురు పెడితే, తాళంచెవి ఖాదర్ భాయ్‌కి ఇచ్చి యూనివర్సిటీకి వెళ్ళాను. సాయంత్రమవుతుండగా తిరిగివస్తుంటే గల్లీ మొదట్లోనే నవసాగరం పొగ తగిలింది. గల్లీలో ఇంకెవరికీ కొలిమి లేదు.

అన్న కొలిమి ముందు కూర్చుని ఉన్నాడు. బనీను తడిసి ఒంటికి అంటుకుంది. మోచేతుల దాకా మసి. పన్నెండు గిన్నెలూ గోడవారగా వెల్లకిలా పెట్టి ఉన్నాయి. లోపల ఒక్కొక్కటీ తెల్లగా మెరుస్తోంది. ఎక్కడా ఒక చార లేదు, మచ్చ లేదు. అంత మంచి కళాయి నేను ఆయన చేతి కింద కూడా అంతకుముందు చూడలేదు.

"లీవ్ పెట్టిన తమ్మీ," అన్నాడు. "నువ్వు అడుగుతలేవు. ఫ్యాక్టరీల అలిసిపోయి వస్తడు, కొలిమి ముంగట ఏం కూసుంటడు అని మొగమాటపడుతున్నవ్. నాకు సమజ్ గాదా? తగరం గూడ నేనే తెచ్చిన. పెండ్లి దేగ్‌లకు పెట్టినట్టు రెండు పూతలు పెట్టిన."

నేను గుమ్మంలోనే నిలబడ్డాను. ఆయన ఒక గిన్నెను చేతిలోకి తీసుకుని వెలుతురుకు పట్టాడు.

"నా చెయ్యి మర్చిపోయిందేమో అనుకున్న," అన్నాడు. "మర్వలే."

చెప్పాల్సింది అప్పుడే. కళాయి వద్దన్నారని, అది నాకు ఏప్రిల్ నుంచే తెలుసని, నీ కోసం దాచానని చెప్పాల్సింది. నేను మంచిగున్నయన్నా అన్నాను. అవి నిజంగానే మంచిగా ఉన్నాయి, అందువల్ల ఆ మాట నోటి నుంచి తేలిగ్గా వచ్చింది. ఆయన స్నానం చేసి నాతో కూర్చుని అన్నం తిన్నాడు. అడుగంటిన అన్నాన్ని తిడుతూ రెండుసార్లు వేసుకున్నాడు. ఫ్యాక్టరీలో ప్రకాశం అనే ఒక మంచి దోస్తు దొరికాడని, వాడికి ఈ తిరిగే గిన్నెల సంగతి చెప్తే నమ్మడం లేదని చెప్పాడు. మూడు నెలల్లో ఆయన అంతగా మాట్లాడింది ఆ సాయంత్రమే. చీకటి పడకముందే బస్సుకు వెళ్ళిపోయాడు.

మర్నాడు గిన్నెలను రిక్షాలో వేసుకుని యూనివర్సిటీకి వెళ్ళాను. శ్రీరామమూర్తి గారు వాటిని దింపించారు. ఒక జతను కడ్డీకి బిగించి వదిలారు. కడ్డీ ఒకవైపు నెమ్మదిగా దిగి, అక్కడే ఉండిపోయింది. రెండో జతా అంతే. తగరం ఒక గిన్నెలో ఒకలా, ఇంకొక గిన్నెలో ఇంకోలా కూర్చుంది. చేత్తో పూసేది అలాగే ఉంటుంది. వంటగిన్నెలో అది లెక్కలోకి రాదు.

ఆయన గిన్నె లోపల వేలితో రాశారు. ఎవరు పెట్టారని అడిగారు. మా అన్న అన్నాను. చాలా గొప్ప చెయ్యండీ అన్నారు. తిట్టి ఉంటే నాకు హాయిగా ఉండేది.

"రెండు దారులున్నాయి," అన్నారు. "తేలికపడ్డవైపు సీసం కట్టి సరిచేయొచ్చు. తెలుపు నాకు అభ్యంతరం లేదు, అదీ బాగానే ఉంది. కాకపోతే బరువెక్కుతుంది. గట్టి గాలి వస్తేనే తిరుగుతుంది, చిన్న గాలికి కదలదు. లేదా ఈ కళాయి తీసేయాలి. ఏం చేద్దామన్నది మీరే చెప్పండి. ఆయన మీ అన్నగారు."

గిన్నెలను తిరిగి తెచ్చుకున్నాను. మా పనిలో ఒకరు పెట్టిన కళాయిని ఇంకొకరు తుడిచేశారంటే దానికి ఒకటే అర్థం, పెట్టినవాడికి పని రాదని. పాతబడి అరిగిపోతే తుడవొచ్చు. కొత్త కళాయిని తుడవడం మనిషిని గల్లీలో నిలబెట్టి చెంపమీద కొట్టడంతో సమానం. మా నాన్నకు ఎంత కోపం వచ్చినా ఆ పని చేయగా నేను చూడలేదు.

ముందుగా అన్నకు చెప్పి చేస్తే అవమానం కాదు. ఆ సంగతి నాకు తెలుసు. శుక్రవారం పొద్దున బయల్దేరి నయాపూల్ దాకా వెళ్ళి బస్సు కోసం నిలబడ్డాను కూడా. ఒక బస్సు వచ్చింది, ఎక్కలేదు. రద్దీగా ఉందనుకున్నాను. రెండోది ఖాళీగా వచ్చింది. దానికి ఏ సాకూ దొరకలేదు, అయినా ఎక్కలేదు. కళాయి వద్దని ఎప్పుడు చెప్పారు అని ఆయన అడుగుతాడు. ఏప్రిల్‌లో అని నేను చెప్పాలి. ఎనిమిది ఆదివారాలు తన ముఖంలోకి చూస్తూ ఎలా దాచావు అని ఆయన అడగడు. అడగకుండా కూర్చుంటాడు. వెనక్కి వచ్చేశాను.

సీసం కట్టమని చెప్పినా సరిపోయేది. గట్టి గాలికే తిరిగితే తిరిగేది, అన్న కళాయి అలాగే ఉండేది. ఎందుకు చెప్పలేదో ఇన్నేళ్ళలో చాలా కారణాలు కల్పించుకున్నాను. పని పని లాగా ఉండాలని, సార్ నమ్మకం నిలబెట్టాలని, అది తిరగకపోతే అన్న ఎలాగూ రాడని. చివరిది కొంత నిజం. అసలు నిజం ఏమిటంటే, అది చిన్న గాలికి కదలడం నేను చూడాలనుకున్నాను. నా చేత్తో కొట్టిన గిన్నెలు. నాకది కావాలనిపించింది.

కొలిమి రాజేసి గిన్నెను వేడిచేశాను. తగరం కరగడానికి ఎంతోసేపు పట్టదు. దూదితో ఒక్కసారి తుడిస్తే తెలుపంతా ఒక చారగా వచ్చేస్తుంది, వెనకే ఎర్రటి రాగి బయటపడుతుంది. ఆయన రోజంతా కూర్చుని పెట్టిన కళాయి మధ్యాహ్నంలోపల పోయింది. ఆరో గిన్నె దగ్గర నాకు ఏడుపొచ్చింది. ఏడుస్తూనే తక్కినవీ తుడిచాను. ఖాదర్ భాయ్ తొంగిచూసి, దుర్గన్న నిన్నగాక మొన్ననే కదా పెట్టాడు, ఏమైంది అని అడిగాడు. నేను ఇంకో గిన్నె కొలిమి మీద పెట్టాను. ఆయన కాసేపు నిలబడి వెళ్ళిపోయాడు. అక్కడక్కడా అంటి మిగిలిన తగరమంతా గీకి జతలను మళ్ళీ తూచాను. సరిపోయాయి.

ఆ ఆదివారం పనేమీ లేదు, రావద్దని కబురు పంపాను. శిల్పం తెర తీసే రోజు ఎప్పుడో ఆయనకు చెప్పలేదు. అది సోమవారం. ఆయనకు డ్యూటీ ఉంటుంది, రాలేడు. పై ఎత్తున ఉండే గిన్నెలు, తర్వాతెప్పుడైనా వచ్చి చూసినా వానలకు లోపల నల్లబడి ఉంటాయి, తెలుసుకోలేడు. అలా లెక్కలు వేసుకున్నాను. కంచరి దుర్గయ్యకు రాగి రంగు తెలియదని నేను అనుకున్నానంటే నా బుద్ధి అప్పుడు ఎక్కడుందో.

ఆ సోమవారం మృగశిర గాలి బాగా వీస్తోంది. మైదానంలో కుర్చీలు వేశారు. విద్యార్థులు గడ్డిమీద కూర్చున్నారు. పెద్దమనుషులు మాట్లాడుతున్నంతసేపూ స్తంభం మీది గుడ్డ కొట్టుకుంటూనే ఉంది. దాన్ని లాగగానే పై కడ్డీ కదిలింది. దాని తర్వాత కిందిది, ఎదురుదిక్కుగా. క్షణంలో ఆరూ తిరగసాగాయి. ఒక గిన్నె పైకి లేచి, ఒంగి, తన ఎర్రటి లోపలిభాగం మాకు చూపించి, మళ్ళీ వెనక్కి తిరిగింది. ఏ చప్పుడూ లేదు. గాలి కాస్త తగ్గితే అవీ నెమ్మదించేవి, కానీ ఆగేవి కావు. విద్యార్థులు ఒక్కసారిగా చప్పట్లు కొట్టారు. నా ఒళ్ళు పులకరించింది. ఎవరికైనా చూపించాలనిపించి పక్కకు తిరిగాను.

కుర్చీల వెనక మా అన్న నిలబడి ఉన్నాడు. ఇస్త్రీ చొక్కా తొడుక్కున్నాడు. పక్కన కొత్త చీరలో వదిన, నూనె రాసి తల దువ్విన పిల్లలిద్దరూ. వాళ్ళ వెనక ఖాకీ బట్టల్లో ఇద్దరు మనుషులు. ఫ్యాక్టరీ క్యాంటీన్‌లో పేపరు చూసి తెలుసుకున్నారట. షిఫ్టు మార్చుకుని, తన చేతిపని చూపిస్తానని దోస్తులను వెంటబెట్టుకుని వచ్చాడు.

నేను దగ్గరికి వెళ్ళేసరికి ఆ ఇద్దరిలో ఒకతను పైకి చూస్తూ అడుగుతున్నాడు.

"ఏది దుర్గన్నా, లోపల తెల్లగ మెరుస్తది అంటివి?"

అన్న పైకి చూస్తున్నాడు. ఒక గిన్నె మా తలల మీదుగా వెళ్ళింది. ఇంకొకటి వెళ్ళింది. ఆయన పన్నెండూ అయ్యేదాకా చూశాడు.

"దీనికి కళాయి పెట్టరు ప్రకాశం," అన్నాడు. "గాలికి తిరిగేటియి గద. బరువైతయి."

అదేంది, నువ్వే గదా లీవ్ పెట్టి అని వదిన ఏదో అనబోయింది. అన్న ఆమె వైపు చూశాడు. ఆమె ఆగిపోయి నా వైపు చూసింది. ప్రకాశం అయోమయంగా నవ్వి, ఏమైనా మస్తుగుంది అన్నాడు. పిల్లలు గిన్నెలను లెక్కపెట్టడం మొదలుపెట్టారు.

అన్న నన్ను రెండడుగులు పక్కకు తీసుకుపోయాడు. భుజం మీద చెయ్యి వేశాడు. తిడతాడనుకుని తల వంచుకున్నాను.

"మంచిగ తిరుగుతున్నది," అన్నాడు. తర్వాత నాకు మాత్రమే వినబడేలా అన్నాడు. "ముందుగాలనే చెప్తే, గిన్నెలు తిప్పుడుకైనా వస్తుంటి గద తమ్మీ."

భుజం మీంచి చెయ్యి తీసి వెళ్ళిపోయాడు. వదినా, పిల్లలూ, దోస్తులూ ఆయన వెంట గేటు దాకా నడిచారు. నేను అక్కడే నిలబడి చూశాను. వెనక విద్యార్థులు మళ్ళీ చప్పట్లు కొడుతున్నారు.

తర్వాతి ఆదివారం తొమ్మిదింటికి దుకాణం తెరిచి కూర్చున్నాను. వస్తాడని కాదు. వస్తే మూసి ఉండకూడదని. ఆయన రాలేదు.

బోనాల పండుగకు నేనే క్వార్టర్సుకు వెళ్ళాను. కోపం చేస్తే కాళ్ళు పట్టుకుందామని దారంతా అనుకున్నాను. తలుపు తీసి, రా బాలకిషన్, కూసో అన్నాడు. పుట్టినప్పటి నుంచీ నన్ను తమ్మీ అని తప్ప పిలవని మనిషి. మాంసం కూర వేశాడు, ఆరోగ్యం అడిగాడు, ఖాదర్ భాయ్ బాగున్నాడా అని అడిగాడు. దుకాణం గురించి, చేతిలో ఉన్న పని గురించి ఒక్క మాట అడగలేదు. నేను, అన్నా ఆ రోజు అని మొదలుపెడితే, గా ముచ్చటెందుకిప్పుడు, తిను అని ఇంకో గరిటె వేశాడు. ఆయనకు నామీద కోపం లేదు. చుట్టాన్ని చూసినట్టు మర్యాదగా చూస్తున్నాడు.

కడ్డీల ములుకులకు నెలకొకసారి నూనె వేయాలని, ఆ పని మీరే చేయండని శ్రీరామమూర్తి గారు అడిగారు. ఆదివారాలు ఇంట్లో కూర్చోలేక నేను ఆ రోజే పెట్టుకున్నాను. శ్రావణంలో ఒక ఆదివారం పొద్దున్నే వెళ్ళి, నిచ్చెన వేసి, నూనె పోసి దిగుతుంటే వాచ్‌మన్ శివయ్య దగ్గరికి వచ్చాడు. మీకు అన్న ఉన్నాడా అని అడిగాడు. ఉన్నాడన్నాను.

"అనుకున్న. ముక్కు మీ లెక్కనే ఉన్నది," అన్నాడు. "ఐతారం ఐతారం వస్తడు. పది గొట్టంగ వచ్చి గా బల్ల మీద కూసుంటడు. గంట, గంటన్నర. ఎవలతోని మాట్లాడడు, గీ గిన్నెల దిక్కే చూస్తడు. జర కూసోండ్రి, ఇంకో అరగంటకు వస్తడు."

నేను బల్లవైపు చూశాను. దాని కింద రెండు బీడీ ముక్కలు ఉన్నాయి. కూర్చుందామనే అనిపించింది. అన్న వస్తాడు, నన్ను చూస్తాడు, రా బాలకిషన్ అంటాడు, ఆరోగ్యం అడుగుతాడు. పై ఆదివారం నుంచి ఇక్కడికీ రాడు. నిచ్చెన మడిచి, నూనె డబ్బా తీసుకుని, ఇక నుంచి నేను శనివారాలు వస్తానని శివయ్యకు చెప్పాను. నేను ఇలా వస్తున్నట్టు ఆయనకు చెప్పవద్దన్నాను.

అది జరిగి తొమ్మిదేళ్ళయింది. నెలకొకసారి చాలన్నారు సార్. నేను ప్రతి శనివారం వెళ్తాను. పోయిన ఐతారం వచ్చిండా అని శివయ్యను అడుగుతాను. వచ్చిండు అంటాడు. ములుకులకు నూనె పోసి ఇంటికొస్తాను.